బార్ట్లే వెన్నెల, వల్లభుల వాదం

'మాయాబజార్'లో పడవ పాట దగ్గరికి వచ్చేసరికి తెర నిండా చీకటే ఎక్కువ. నీళ్లు, ఆకాశం, రెండు ముఖాలు, వాటి మీద ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లే కురిపించిన వెన్నెల. 1957 మార్చి 27న సినిమా విడుదలైంది మొదలు తెలుగువాళ్లు ఆ వెన్నెల ముచ్చట మానలేదు. దాన్ని ఇవాళ రాయ్‌పూర్‌లో స్థిరపడ్డ ఏ తెలుగింట్లోనో, నెట్ వేగం అంతంతమాత్రంగా ఉన్న రాత్రి, టీవీలో పెట్టి చూడండి. నలుపు నుంచి బూడిదరంగులోకి మెత్తగా జారాల్సిన ఆకాశం మెట్లు మెట్లుగా చీలుతుంది. నీటి మీది తళుకు గళ్లు గళ్లుగా విరిగి, అతుక్కుని, మళ్లీ విరుగుతుంది. సావిత్రి చెంప మీద ఉండాల్సిన సన్నటి కదలిక పోయి నున్నటి పూత మిగులుతుంది. అయినా ఎవరూ లేచి వెళ్లరు. పెద్దవాళ్లు ఎప్పటిలాగే ఆ జంటను మెచ్చుకుంటారు, పిల్లలు ఘటోత్కచుడి కోసం ఎదురుచూస్తారు.

వాళ్లు చూసింది మాయాబజారేనా?

సాంకేతిక నిపుణుణ్ణి అడిగితే సగం జవాబు చెబుతాడు. ఎన్ని బిట్లు పోయాయో లెక్కగట్టి చూపిస్తాడు. పోయినవి పోగా మిగిలినదాన్ని ఆ పేరుతోనే పిలవచ్చా అన్నది అతని లెక్కకు అందదు. అది విగ్రహం గురించీ జగత్తు గురించీ మన దర్శనకారులు వందల ఏళ్లు వాదించుకున్న ప్రశ్న. బింబంలో ఉన్నదంతా ప్రతిబింబంలోకి రానప్పుడు ప్రతిబింబం అబద్ధమా, నిజంలో ఒక తక్కువ రకమా, లేక అదీ పూర్తిగా నిజమేనా?

ఈ ప్రశ్న వేయడానికి రాయ్‌పూర్ చాలా తగిన ఊరు. 1931లో విజయనగరం రైలు మార్గం పూర్తయినప్పటి నుంచి తెలుగువాళ్లకు దగ్గరైన పట్నం అది. అంతకంటే పెద్ద కారణం మరొకటి ఉంది. నగరానికి సుమారు 50 కిలోమీటర్ల దూరంలో, రాజిమ్‌కు చేరువలో, చంపారణ్ అనే చిన్న ఊరు ఉంది. 1479లో లక్ష్మణభట్టు, ఇల్లమ్మ అనే వెలనాటి తెలుగు బ్రాహ్మణ దంపతులు దండయాత్ర భయంతో కాశీ విడిచి దక్షిణానికి వస్తుండగా, ఆ అడవిలో నెలలు నిండకుండానే బిడ్డ పుట్టాడని పుష్టిమార్గ సంప్రదాయం చెబుతుంది. బిడ్డలో కదలిక లేకపోతే ప్రాణం లేదనుకుని జమ్మిచెట్టు కింద ఉంచి వెళ్లారట. తిరిగి వచ్చి చూస్తే నిప్పుల వలయం నడుమ క్షేమంగా ఉన్నాడట. ఆ బిడ్డే వల్లభాచార్యులు. ఆయన భాగవత పారాయణ చేసిన చోట్లుగా 84 బైఠకులను భక్తులు కొలుస్తారు. అందులో చంపారణ్ ఒకటి. గుజరాత్ నుంచి, రాజస్థాన్ నుంచి రాయ్‌పూర్‌లో రైలు దిగి అక్కడికి వెళ్లేవాళ్లు ఎందరో. తెలుగునాట మాత్రం ఆయన మన ఇంటి బిడ్డ అన్న సంగతే చాలామందికి తెలియదు. అది బాధ కలిగించే విషయం, ఎందుకంటే ఆయన సిద్ధాంతం అంత గట్టిది.

శంకరుల అద్వైతంలో కనిపించే జగత్తుకు పారమార్థిక సత్యం లేదు, అది మాయ వల్ల తోచేది. వల్లభులు ఆ మాట ఒప్పుకోలేదు. ఆయనది శుద్ధాద్వైతం. బ్రహ్మమే జగత్తు అయింది, అయినా బ్రహ్మంలో ఏ వికారమూ రాలేదు, బంగారం నగ అయినా బంగారంగానే ఉన్నట్టు. మరి రాయికీ మనిషికీ దేవుడికీ తేడా ఎక్కడిది? దానికి ఆయన చెప్పిన జవాబు ఆవిర్భావం, తిరోభావం. సత్తు, చిత్తు, ఆనందం మూడూ భగవంతుడిలో వెల్లడిగా ఉంటాయి. జీవుడిలో ఆనందం తిరోహితమవుతుంది. జడంలో ఆనందంతో పాటు చిత్తు కూడా తిరోహితమవుతుంది. ఏదీ అబద్ధం కాదు, ఏదీ నాశనం కాలేదు, కొంత మరుగున పడిందంతే.

వినగానే ఇది మన టీవీ బొమ్మకు అతికినట్టు సరిపోతుందనిపిస్తుంది. ఆ రాత్రి చూసింది మాయాబజారే, కాకపోతే అందులో కొంత తిరోహితమైంది అని సరిపెట్టుకోవచ్చు. కానీ అంత తొందరపడకూడదు. మరుగుపడుతున్నది ఏమిటి, మరుగుపరుస్తున్నది ఎవరు అన్నది ముందు చూడాలి.

1974 జనవరిలో అమెరికాలో కంప్యూటర్ ఇంజనీర్ల పత్రిక ఒకదానిలో కొద్ది పేజీల వ్యాసం వచ్చింది. రాసినవాళ్లు ముగ్గురు: బెంగళూరులో పుట్టిన నాసిర్ అహ్మద్, టి. నటరాజన్, కె.ఆర్. రావు. ఆ మూడో పేరు పూర్తిగా కామిశెట్టి రామమోహనరావు. గిండీ ఇంజనీరింగ్ కాలేజీలో చదివి, టెక్సస్ విశ్వవిద్యాలయం ఆర్లింగ్టన్ శాఖలో దశాబ్దాల పాటు పాఠాలు చెప్పి, 2021లో కన్నుమూశారు. మాయాబజార్ తీసిన వాహినీ స్టూడియోకు ఆ కాలేజీ కొద్ది కిలోమీటర్ల దూరమే. ఆ ముగ్గురూ ప్రతిపాదించిన డిస్క్రీట్ కొసైన్ ట్రాన్స్‌ఫార్మ్ పద్ధతి మీదే వీసీడీ నుంచి నేటి స్ట్రీమింగ్ దాకా దాదాపు అన్నీ నిలబడ్డాయి. బొమ్మను చిన్న చిన్న చదరాలుగా కోస్తారు. ఒక్కో చదరాన్ని నిదానంగా మారే అలలు, వేగంగా మారే అలల మొత్తంగా రాస్తారు. నిదానపు అలల్లో విశాలమైన వెలుగునీడలు ఉంటాయి, వేగపు అలల్లో సన్నటి నేత ఉంటుంది. మనిషి కన్ను సన్నటి నేతలో తేడాను అంతగా పట్టుకోదు కాబట్టి అక్కడ అంకెలను గట్టిగా కత్తిరిస్తారు. కత్తిరింపు మోతాదు మించితే చదరాల అంచులు బయటపడతాయి. మనం బొమ్మ పగిలిపోతోంది అనేది దాన్నే.

అది స్థలంలో జరిగే పొదుపు. కాలంలో జరిగేది ఇంకా ఆలోచింపజేస్తుంది. ప్రతి ఫ్రేమునూ దాచుకోకుండా ఒకదాన్ని మాత్రం పూర్తిగా ఉంచి, తర్వాతి వాటికి ఏది ఎటు జరిగిందో, ఏమి మారిందో మాత్రమే రాసుకుంటారు. కదలని ఆకాశాన్ని మళ్లీ మళ్లీ రాయడం దండగ. ఈ రెండు పొదుపులూ కలిస్తేనే హెచ్‌డీ బొమ్మ సెకనుకు సుమారు 600 మెగాబిట్ల నుంచి ఐదారు మెగాబిట్లకు దిగి ఇంటికి చేరుతుంది. వీసీడీ రోజుల్లో ఆ లెక్క మరీ ఘోరం: అడ్డం 352, నిలువు 288 చుక్కలు, సెకనుకు 1.15 మెగాబిట్లు, 184 నిమిషాల మాయాబజార్‌కు మూడు డిస్కులు.

రాయ్‌పూర్‌కు 80 కిలోమీటర్ల దూరంలోని సిర్పూర్ ఒకప్పటి దక్షిణ కోసల రాజధాని. అక్కడి ఇటుకల లక్ష్మణాలయాన్ని చూడవచ్చినవాళ్లు ఆ ఊళ్లోనే బౌద్ధ విహారాల శిథిలాలూ చూస్తారు. ఆ విహారాల కాలంలో దేశమంతటా పండితులు పట్టుదలగా నడిపిన వాదం ఒకటి ఇక్కడ అక్కరకొస్తుంది. ఏ వస్తువూ రెండు క్షణాలు నిలవదని, ప్రతి క్షణమూ కొత్త వస్తువేనని ధర్మకీర్తి వంటి బౌద్ధ తార్కికులు వాదించారు. న్యాయ దర్శనానికి చెందిన నైయాయికులు ఒప్పుకోలేదు. నిన్న చూసినవాణ్ణి ఇవాళ 'అతడే ఇతడు' అని గుర్తుపడుతున్నాం, ఆ ప్రత్యభిజ్ఞే వస్తువు నిలకడకు సాక్ష్యం అన్నారు. ఫిల్మ్ రీలు బౌద్ధుల పక్షం. సెకనుకు 24 ఫ్రేములు, దేనికది పూర్తి, ఒకదానిలో మరొకటి లేదు. కంప్రెషన్ నైయాయికుల పక్షం. ఈ ఆకాశం క్రితం ఫ్రేములోని ఆకాశమే అన్న నమ్మకం మీదే దాని పొదుపంతా ఆధారపడింది.

వెన్నెల చెడేది సరిగ్గా ఇక్కడ. ఫిల్మ్ మీది ఎమల్షన్‌లో వెండి లవణపు రేణువులు క్రమం లేకుండా చల్లినట్టుంటాయి. ఒక్కో ఫ్రేములో ఆ అమరిక వేరు. ఆకాశం కదలకపోయినా రేణువులు మారుతూనే ఉంటాయి. సినిమావాళ్లు గ్రెయిన్ అనేది దీన్నే. ముందు ఫ్రేము నుంచి దీన్ని ఊహించడం ఎన్‌కోడర్ వల్ల కాదు. ఊహకు అందనిది దాని దృష్టిలో రొద, కాబట్టి తుడిచేస్తుంది. పైగా చీకట్లో కన్ను తేడాలు పసిగట్టదన్న అంచనాతో అక్కడ మరింత పిసినారితనం చూపిస్తుంది. చీకటినీ గ్రెయిన్‌నూ నమ్ముకున్న దృశ్యానికి రెండు దెబ్బలూ తగులుతాయి. ఇక్కడ మరిచిపోకూడని సంగతి ఒకటుంది: గ్రెయిన్ అనేది ముఖం మీద పడ్డ దుమ్ము కాదు. సావిత్రి ముఖం నుంచి వచ్చిన వెలుగు తగిలి మార్పు పొందినవి ఆ రేణువులే. గ్రెయిన్ తీసేస్తే కింద వేరే ముఖం ఏదీ లేదు.

దీనికి గట్టి ఆక్షేపణ ఉంది, దాన్ని దాటవేయడం న్యాయం కాదు. ఆ వెన్నెల మొదటి నుంచీ వెన్నెల కాదు కదా? అది చంద్రుడిది కాదు, కెమెరా పనితనం. నెగెటివ్ నుంచి పాజిటివ్ తీస్తే కొంత పోతుంది. ఆ ప్రింటు పెద్ద ఊళ్లలో నెలల తరబడి ఆడి, గీతలు పడి, అతుకులతో చిన్న ఊళ్లకు చేరేది. ప్రొజెక్టర్‌లో కార్బన్ వెలుగు హెచ్చుతగ్గులయ్యేది. తర్వాత టీవీ వచ్చింది. 1975 ఆగస్టు నుంచి ఏడాది పాటు ఏటీఎస్-6 ఉపగ్రహం 2,400 పల్లెలకు బొమ్మలు పంపిన సైట్ ప్రయోగంలో రాయ్‌పూర్ ప్రాంతపు ఊళ్లూ ఆంధ్రప్రదేశ్ ఊళ్లూ ఉన్నాయి. అప్పుడు చుక్కలూ చారలూ లేని బొమ్మ ఎవరు చూశారు? అసలు బొమ్మ అంటూ ఎవరి కంటా పడనప్పుడు ఇవాళ పోయిందని ఏడ్చేది దేనికోసం? అద్వైతి అయితే ఇంకొక అడుగు వేసి, తెర మీది బొమ్మే మిథ్య, మిథ్యలో మళ్లీ మంచి చెడ్డలా అంటాడు.

ఈ ఆక్షేపణలో సగం ఒప్పుకోవలసిందే. స్వచ్ఛమైన తొలి దర్శనం అనేది ఎన్నడూ లేదు. అయినా ప్రింటు మీది గీతకూ టీవీలోని గళ్లకూ ముఖ్యమైన తేడా ఉంది. గీత కాలం వల్ల పడింది, ఎక్కడ పడాలో ఎవరూ నిర్ణయించలేదు. కంప్రెషన్‌లో పోయేది నిర్ణయం వల్ల పోతుంది. ఇది ముఖ్యం, ఇది కాదు అని ఒక సగటు కంటి నమూనాను ముందు పెట్టుకుని ఏరివేస్తారు. వల్లభుల సిద్ధాంతంలో తిరోభావం భగవంతుడి ఇచ్ఛ, లీల కోసం జరిగేది. ఇక్కడ దాన్ని నడిపేది బ్యాండ్‌విడ్త్ ఖర్చు. రెండింటినీ ఒకటిగా చూపించి ఓదార్చుకుంటే ఆచార్యులకు అన్యాయం చేసినట్టే.

వల్లభుల పుష్టిమార్గంలో సేవ ఎలా ఉంటుందో చూస్తే ఇది ఇంకా స్పష్టమవుతుంది. నాథద్వారంలో శ్రీనాథ్‌జీకి రోజుకు ఎనిమిది దర్శనాలు, మంగళ నుంచి శయనం దాకా. రుతువును బట్టి వస్త్రం, వేళను బట్టి నైవేద్యం, సందర్భాన్ని బట్టి వెనక పిఛ్వాయి తెర. చూసేవాళ్లు గమనించరు కదా అని ఏ పూసా వదలరు. దర్శనం కొద్దిసేపే, అలంకారం మాత్రం పూర్తిగా ఉండాలి. ఎన్‌కోడర్ సూత్రం దీనికి నేరుగా ఎదురు: గమనించనిది ఉండనక్కర్లేదు.

అదే సంప్రదాయం మరోవైపు ఎంతో ఉదారమైనది. విగ్రహాన్ని వాళ్లు స్వరూపం అంటారు, అంటే అది గుర్తు కాదు, సాక్షాత్తు కృష్ణుడే. విగ్రహం లేని ఇంట్లో గురువు అనుగ్రహించిన చిత్రపటానికే అదే సేవ జరుగుతుంది. పటం చిన్నదైనా గీత మొరటుగా ఉన్నా కృష్ణుడు తగ్గడు. తెలుగువాళ్లకు ఇది కొత్త కాదు. ఎన్.టి. రామారావు కృష్ణుడి వేషంలో ఉన్న క్యాలెండర్ బొమ్మలు ఎన్ని పూజగదుల్లో వెలిశాయో! చవక అచ్చు, పక్కకు జరిగిన రంగులు, కళ్ల దగ్గర సిరా మరక. వాటి ముందు దీపం పెట్టిన ఇల్లాలికి లోటేమీ కనిపించలేదు. మాయాబజార్‌లోనే ప్రియదర్శిని పెట్టె ఉంది, ఎవరు తెరిస్తే వాళ్లకు ప్రియమైనది కనిపిస్తుంది. ఇంట్లో టీవీ ముందు జరిగేదాంట్లో అది కొంత ఉంది. చూసేవాళ్ల ప్రేమ గళ్ల మధ్య ఖాళీలను పూడుస్తుంది.

ఈ రెండూ నిజమే, ఒకదానితో మరొకటి కొట్టివేయకూడదు. రాయ్‌పూర్ ఇంట్లో పెద్దాయన పొందిన ఆనందం అసలైనదే, అది నాసిరకం బొమ్మ మీద నాసిరకం ఆనందం కాదు. కానీ భక్తుడి భావం గొప్పది కాబట్టి అర్చకుడు అభిషేకం ఎగ్గొట్టవచ్చా? చూసేవాడికి ఇచ్చే ఊరటను చూపించేవాడు సాకుగా వాడుకుంటున్నాడు. వీసీడీల కాలం నుంచి పాత సినిమాలకు జరిగిన అపచారమంతా ఈ సాకు చాటునే జరిగింది: పాత బొమ్మే కదా, కథ తెలిసిందే కదా, పాటలు వినిపిస్తే చాలు కదా.

నకలుకు ఎంత గౌరవం ఇవ్వాలన్నదానికి మన ఆగమాలు ఒక మంచి దారి చూపించాయి. ఆలయం జీర్ణోద్ధరణకు వచ్చినప్పుడు బాలాలయం అనే తాత్కాలిక గుడి కడతారు. యాదాద్రిలో 2016 నుంచి 2022 మార్చి 28 దాకా భక్తులు లక్ష్మీనరసింహస్వామిని బాలాలయంలోనే దర్శించుకున్నారు. ఆరేళ్ల పాటు అక్కడ మొక్కులు తీర్చుకున్నవాళ్లను ఎవరూ మీరు చూసింది స్వామిని కాదు అనలేదు. ఆ దర్శనం సంపూర్ణమే. అయితే మూలవిరాట్టు గుహలో స్థిరంగా ఉన్నాడని అందరికీ తెలుసు. బాలాలయం తాత్కాలికం అనీ తెలుసు. నకలు నిజం కావడానికి రెండు షరతులు: మూలం ఎక్కడో చెక్కుచెదరకుండా ఉండాలి, నకలు తాను నకలునని ఒప్పుకోవాలి.

వల్లభుల వాదానికీ ఇదే ప్రాణం. తిరోహితమైనది నశించలేదని ఆయన అనగలిగింది బ్రహ్మం పూర్ణంగా ఉన్నందువల్ల. వీడియోలో ఒకసారి కత్తిరించిన అంకెలు ఆ ఫైలులోంచి ఎన్నటికీ తిరిగి రావు. నెగెటివ్ బతికి ఉంటే ఆ నష్టం తిరోభావం, రేపు మరో ఆవిర్భావానికి దారి ఉంది. నెగెటివ్ పోతే అది వినాశం. 1932లో హెచ్.ఎం. రెడ్డి తీసిన 'భక్త ప్రహ్లాద', తెలుగు టాకీలకు మొదటిది, ఇవాళ మన దగ్గర లేదు. 2003లో పుణెలో మంటలు చెలరేగి జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్ దాచుకున్న నైట్రేట్ రీళ్లు బూడిదయ్యాయి. ఆ సినిమాల్లో గ్రెయిన్ ఉండాలా వద్దా అన్న చర్చకు కూడా తావు లేదు.

రెండో షరతు దగ్గర మాయాబజార్ చరిత్రే కష్టమైన ఉదాహరణ. 2007లో హైదరాబాదుకు చెందిన గోల్డ్‌స్టోన్ టెక్నాలజీస్ మాయాబజార్ తీసిన విజయా వారి 14 సినిమాల హక్కులు తీసుకుంది. 2010 జనవరిలో మాయాబజార్ రంగుల్లో, డీటీఎస్ శబ్దంతో, సినిమాస్కోప్ ఆకారంలో థియేటర్లకు వచ్చింది. కొత్త తరం టికెట్లు కొని చూసింది, అది చిన్న విషయం కాదు. రంగును శృంగారంగా, అంటే స్వామికి చేసే అలంకారంగా అర్థం చేసుకోవచ్చు. అలంకారం తీస్తే కింద స్వరూపం ఉంటుంది. ఆకారం మార్చడం అలాంటిది కాదు. 1.33 నిష్పత్తిలో కూర్చిన ఫ్రేమును వెడల్పంతా ఉంచి 2.35కు దించాలంటే నిలువులో 43 శాతం వదులుకోవాలి. బార్ట్లే తల పైన ఎంత ఆకాశం ఉంచాలో కొలిచి ఉంచిన మనిషి. ఆ ఆకాశాన్ని కోయడం అలంకారం కిందికి రాదు.

ఇప్పుడు మరో రెండు వింతలు వచ్చాయి. పాత పాటలను కృత్రిమ మేధతో 4కెకు పెంచి పెడుతున్నారు. చెరిగిపోయిన ముఖం మీద ఆ యంత్రం తనకు తెలిసిన వేల ముఖాల నుంచి కనురెప్పలు, చర్మరంధ్రాలు తెచ్చి అతికిస్తుంది. చూడటానికి చక్కగా ఉంటుంది, కానీ ఆ కనురెప్పలు సావిత్రివి కావు. రెండోది 2018లో వచ్చిన ఏవీ1 పద్ధతి. అది పంపేముందు గ్రెయిన్‌ను తీసేసి, దాని లక్షణాలను మాత్రం కొలిచి రాసి పంపుతుంది. ఇంట్లో టీవీ ఆ లెక్కల ప్రకారం కొత్త గ్రెయిన్ పుట్టించి బొమ్మ మీద చల్లుతుంది. 2025లో నెట్‌ఫ్లిక్స్ దీన్ని పెద్ద ఎత్తున వాడటం మొదలుపెట్టింది. ఇదీ కల్పనే, అయినా మొదటిదానితో సమానం చేయలేం. ముఖాన్ని కల్పించే యంత్రం చరిత్రలో లేని సాక్ష్యం పుట్టిస్తోంది. గ్రెయిన్ చల్లే యంత్రం ఫలానా రేణువు ఫలానా చోట ఉందని అబద్ధమాడటం లేదు. ఆ ఫిల్మ్ స్వభావం ఇలాంటిది అని చెబుతోంది. వెన్నెల ఆకాశానికి దాని వల్ల మెట్లు తగ్గుతాయి, కన్ను మళ్లీ ఊపిరి పీల్చుకుంటుంది. బాలాలయంలో దీన్ని ఒప్పుకోవచ్చు, గర్భగుడిలో కాదు.

గర్భగుడి లెక్క వేరు. ఆర్కైవ్‌లో నెగెటివ్‌ను స్కాన్ చేసేటప్పుడు ఒక ఫ్రేము నుంచి మరొకటి ఊహించరు, ప్రతి ఫ్రేమునూ విడి ఫైలుగా దాస్తారు. 184 నిమిషాలకు 2,64,960 ఫ్రేములు. 4కెలో ఒక్కోటి సుమారు 50 మెగాబైట్లు అనుకుంటే మొత్తం 13 టెరాబైట్లు. ఇంటికి వచ్చే స్ట్రీమ్ మహా అయితే ఏడెనిమిది గిగాబైట్లు. పైగా ఆ 13 టెరాబైట్లను ఒకసారి టేపుకెక్కిస్తే పని అయిపోదు. టేపుల తరం మారినప్పుడల్లా కొత్త టేపుల్లోకి మార్చాలి. అది నిత్యపూజ ఖర్చు లాంటి ఖర్చు, అంతం లేనిది.

రాజిమ్‌లోని రాజీవలోచన ఆలయ గోడలో 1145 నాటి జగపాలుడి శాసనం ఉంది. గుడి కట్టించడంతో ఊరుకోక నైవేద్యం నడవడానికి ఊరు రాసిచ్చాడని అది చెబుతుంది. విజయా వారి నలుపు తెలుపు చిత్రాలకూ, 1965లో మను నాయక్ తీసిన తొలి ఛత్తీస్‌గఢీ సినిమా 'కహి దేబే సందేశ్'కూ అలాంటి శాశ్వత ఏర్పాటు కావాలి. ఛత్తీస్‌గఢ్, తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వాలు సినిమా పేరు మీద సబ్సిడీలకు, అవార్డు సభలకు పెట్టే డబ్బులోంచి ఏటా ఒక్కొక్క పాత చిత్రానికైనా నెగెటివ్ వెతికించి, పూర్తి ఫ్రేముతో, రంగు పూయకుండా స్కాన్ చేయించి, టేపుల మార్పిడికి విడిగా నిధి ఉంచవచ్చు. ఆ స్కాన్ నుంచి ఇళ్లకు ఎన్ని నకళ్లు ఎంత కుదించి పంపినా అభ్యంతరం ఉండదు.